గురజాల గాజుల కొట్టును చూసి కుళ్లుకున్నాను

గుంటూరులో నాకు ఫ్యాన్సీ షాపు ఉంది. అద్దాల తలుపులు, ఏసీ, అన్నీ ఉన్నాయి. అయినా మా సుజాత వదిన, పక్క వీధిలో ఉంటూ కూడా, కూతురి సీమంతానికి మట్టిగాజులు కొనడానికి తన పుట్టింటి ఊరు గురజాలకే వెళతానంది. నాకు ఒళ్లు మండింది. అక్కడేముందో చూద్దామని షాపు మూసేసి నేనూ బయలుదేరాను.

పొద్దున ఏడింటికి మాచర్ల బస్సెక్కి, సత్తెనపల్లి, పిడుగురాళ్ల మీదుగా పదింటికల్లా గురజాలలో దిగాం. టికెట్టు రెండొందల లోపే. ఆటోకి ఇరవై.

"ఖాసింబీ అత్త కొట్టుకా? ఆమె ఆస్పత్రిలో ఉందిగా," అన్నాడు ఆటో అతను. "అయినా కొట్టు తీసే ఉంటది, ఎక్కండి."

నా షాపులో పావు వంతు కూడా లేదు ఆ కొట్టు. గల్లాపెట్టె దగ్గర అంజమ్మ అనే రైతు మనిషి కూర్చుంది. ఖాసింబీకి కడుపు ఆపరేషన్ అయిందట. ఇంట్లో ఇంకెవరూ లేరు. వాడుకగా గాజులు కొనేవాళ్లే తలా ఒక పూట వచ్చి కొట్టు నడుపుతున్నారట.

"ఆవిడ మీకేమవుతుంది?" అన్నాను.

"ఏమైద్ది? గాజులేయించుకుంటాం," అంది అంజమ్మ. "మా పిల్ల కాన్పు కష్టమైతే కొట్టు మూసి నాతో నరసరావుపేట వచ్చింది. రేత్రంతా కూర్చుంది. ఇప్పుడు నేను రాకపోతే ఏం బాగుంటది?"

వదిన అప్పటికే కొంగు దోపుకుని లోపలికెళ్లి, వచ్చినవాళ్లకు గాజులు తీసి చూపిస్తోంది. ఆగలేక అడిగేశాను. "పోయినేడు నాకు కామెర్లొచ్చి షాపు మూసినప్పుడు ఒక్క పూటైనా కూర్చున్నావా?"

ఆమె చేతిలోని గాజులు పక్కన పెట్టింది. "తోచలేదే లతా," అంది. తిట్టినా అంత బాధపడేదాన్ని కాదు.

మధ్యాహ్నం ఆస్పత్రికి వెళ్లాం. ఖాసింబీ మంచం మీదే కొంచెం లేచి నా చెయ్యి పట్టుకుంది.

"సుజాత ఆడబిడ్డవా? నీకూ కొట్టుందంటగా. మరి ఇయ్యాల ఎవరు కూర్చున్నారు?"

"మూసేసి వచ్చాను."

"అయ్యో తల్లీ!" అంది. నిజంగానే జాలిపడింది.

తిరుగు బస్సులో, నేను మంచానపడితే నా షాపు తెరిచేవాళ్లెవరా అని నా దగ్గర కొనేవాళ్లందరినీ గుర్తు చేసుకున్నాను. సత్తెనపల్లి దాటినా ఒక్క పేరూ తట్టలేదు. ఖాసింబీ మీద కుళ్లు ఇంకా తగ్గలేదు. తగ్గాలని కూడా లేదు. అది ఉంటేనన్నా, రేపు నా షాపుకొచ్చేవాళ్లను ఇంట్లో ఎలా ఉన్నారని అడుగుతానేమో.

మీరూ అక్కడ మట్టిగాజులు కొంటే, బస్సులో పై అరలో పెట్టకండి. కుదుపులకు చిట్లిపోతాయి. ఒళ్లో పెట్టుకోండి.