ఎవరి కుడిచెయ్యి?

2022లో, వానలు మొదలయ్యే రోజుల్లో ఒప్పుకున్న పని ఇది. మార్కాపురంలో మాది బండల యూనిట్. క్వారీ నుంచి వచ్చిన పలకరాయిని కటింగ్ మిషన్ మీద కొలతకు కోసి, పాలిష్ పట్టి, అడిగినవాళ్లకు నేల పరిచి ఇస్తాం. ఇళ్లూ, మసీదు వరండాలూ, కల్యాణ మండపాలూ చాలానే పరిచాను. నేల మీద చదరంగం పరచమని అడిగింది మాత్రం సుశీలమ్మ మేడమ్ ఒక్కరే.

ఆమె గిద్దలూరు దగ్గర ఒక ఆడపిల్లల హైస్కూల్లో లెక్కలు చెప్పి రిటైరయ్యారు. పిల్లలు మోకాలెత్తు పావులు జరుపుతూ ఆడుకునేలా ఆ బడి ఆవరణలో రాతి చదరంగం వేయించాలని ఆమె కోరిక. నల్లగళ్లకు మా పలకరాయి, తెల్లగళ్లకు బేతంచెర్ల లేతరంగు బండ. ఆడేవాళ్లు కూర్చోవడానికి ఉత్తరాన ఒక రాతి అరుగు, దక్షిణాన ఒకటి. చూసేవాళ్లకు పడమటి వైపు తరగతి గదుల మెట్లు ఉండనే ఉన్నాయి.

"బాషా, ఒక్కటి మాత్రం మర్చిపోవద్దు. కుడిచేతి మూల తెల్లబండ రావాల," అన్నారామె. సరే మేడమ్ అన్నాను. ఎందుకని అడగలేదు. చదరంగం మా ఇంట్లో పుట్టిందేనని నా ధీమా. మా అబ్బా సాయంత్రమైతే దుకాణం ముందు షత్రంజ్ పరిచేవాడు, మంత్రిని వజీర్ అనేవాడు. కాకపోతే ఆయన ఆడిన గుడ్డ మీద నలుపూ తెలుపూ లేవు. దారంతో కుట్టిన గీతలే. పూర్వం మన దేశంలో చదరంగం బల్లలన్నీ అంతేనట, రంగుల గళ్లు తర్వాత వచ్చాయట. అది మేడమే చెప్పారు. గీతల గుడ్డను ఎటు తిప్పినా ఒకటే కాబట్టి, మూలల గొడవ మా అబ్బాకు తెలియదు, నాకూ తెలియదు.

మా మేస్త్రీ ఈరయ్యది కొనకనమిట్ల. అతను పరిచిన బండల జాయింట్‌లో, అంటే రెండు బండల మధ్య సందులో, వెంట్రుక కూడా దూరదు. చేతికీ నోటికీ రెండింటికీ విశ్రాంతి ఉండదు. మేడమ్ చెప్పిన మాట అతనికి ఉన్నదున్నట్టు అప్పజెప్పాను. ఈరయ్య దక్షిణాన నిలబడి, ఉత్తరం వైపు చూసి, కుడిచేతి వైపు ఎదుటి కొసన మొదటి తెల్లబండ వేశాడు. అక్కణ్ణుంచి మూలమట్టం పెట్టి ఒకటి నలుపు, ఒకటి తెలుపు పరుచుకుంటూ వచ్చాడు. అరవై నాలుగు గళ్లూ అద్దంలా కుదిరాయి.

ఆదివారం ప్రారంభోత్సవం. శుక్రవారం మధ్యాహ్నం మేడమ్ చూడ్డానికి వచ్చారు. సంబరంగా దక్షిణపు అరుగు మీద కూర్చుని, తన కుడిచేతి పక్క మూల గడి చూసుకున్నారు. నల్లగా ఉంది. ఆమె ముఖం వాడిపోవడం చూసి ఏమైందని అడిగాను.

అప్పుడు తెలిసింది అసలు సంగతి. ఆడేవాళ్ల కుడిచేతికి దగ్గరగా ఉన్న మూల గడి తెల్లగా ఉండాలి. ఎదుటి కొసన ఉన్నది కాదు. తెల్లరాణి, అంటే మా అబ్బా అనే వజీర్, తెల్లగడిలో, నల్లరాణి నల్లగడిలో నిలబడాలని ఇంకో నియమం ఉంది. మూల తప్పితే రాజూ రాణీ ఒకరి చోట ఒకరు నిలబడతారు. ఆట మొత్తం అద్దంలో చూసినట్టు తిరగబడుతుంది.

ఈరయ్యను పిలిచి అడిగితే అతను తగ్గలేదు. "కుడిచేతి మూలన్నావు, పెట్టినా. అదీ గాక అది ఈశాన్యం. ఈశాన్యం మూల నల్లబండ పెట్టి బరువెక్కిస్తారా ఎవరన్నా?"

పీకి మళ్లీ వేద్దామంటే కింద బెడ్, అంటే సిమెంటు పరుపు, గట్టిపడిపోయింది. పలకరాయి గడ్డపారకు పొరలు పొరలుగా లేస్తుంది కానీ బండగా పైకి రాదు. ఆదివారానికి అయ్యే పని కాదు. ఆడుకునేది చిన్నపిల్లలే కదా మేడమ్, ఎవరు గమనిస్తారు అని నసిగాను. ఆమె నన్ను పక్కకు తీసుకుపోయి రమీజా సంగతి చెప్పారు.

రమీజా ఆమె దగ్గర చదరంగం నేర్చుకున్న మొదటి పిల్ల. ఆ రోజుల్లో బడిలో బల్ల లేదు. మేడమే గచ్చు మీద సుద్దముక్కతో గళ్లు గీసి నేర్పేవారు. ఆమెకూ చెప్పినవాళ్లు లేరు, మూల తప్పుగా గీశారు. ఒంగోలు పోటీలకు పోయిన రమీజా, అక్కడ సరిగ్గా ఉన్న బల్లను చూసి ఇది తప్పని తిప్పి పెట్టిందట. హాలంతా నవ్విందట. ఆ పిల్ల మళ్లీ ఆ బడిలో పావు ముట్టలేదు. కాలేజీకి పోయాక ఎట్లనో ఆట మళ్లీ పట్టుకుని, ఇప్పుడు పోటీల్లో ఆర్బిటర్, అంటే ఆటకు తీర్పరి, అయింది.

"ఆ పిల్లే ఆదివారం వస్తాంది బాషా, ప్రారంభం చేసేదానికి. అప్పుడు సుద్దముక్కతో చేసిన తప్పు ఇప్పుడు రాతిలో చూపించాల్నా?"

పని చేయించుకున్నవాళ్లు కోపం చేస్తే సర్ది చెప్పడం అలవాటే. ఇది కోపం కాదు. చేతిలో డబ్బు తిరిగి పెట్టినా తీరేది కాదు. నిజంగా బాధేసింది.

ఎండ కాస్తూనే ఉంది. తరగతి గదుల నీడ పడమటి మెట్ల మీదికి పడుతోంది. మేడమ్ పోయి అక్కడ కూలబడ్డారు. బడి ఆయమ్మ ఇచ్చిన మజ్జిగ తాగి గ్లాసు పక్కన పెట్టి, బండల వైపే చూస్తూ ఉండిపోయారు. కాసేపటికి నవ్వడం మొదలుపెట్టారు. వడదెబ్బ తగిలిందేమోనని నేను పరిగెత్తాను.

"ఇట్ల రా, నా పక్కన కూర్చో. నీ కుడిచెయ్యి చాపు," అన్నారు.

చాపాను. నా చేతి పక్కనే ఉన్న మూలగడి తెల్లగా ఉంది. ఈరయ్యను తూర్పు వైపు పోయి మాకు ఎదురుగా కూర్చోమన్నారు. అతని కుడిచేతి పక్కన కూడా తెల్లబండే. అది అతను వేసిన ఈశాన్యపు బండే.

ఇక పీకవలసింది అరవై నాలుగు బండలు కాదు, రెండు అరుగులు. ఉత్తర దక్షిణాల్లో ఉన్నవాటిని తూర్పు పడమరలకు మార్చితే చదరంగం దానంతటదే సరైపోతుంది. అదీగాక మెట్ల మీద కూర్చున్న పిల్లలకు బల్ల, తెల్లపావులతో ఆడేవాళ్లకు కనబడినట్టే కనబడుతుంది. అందరం బండలు తిప్పాలనుకున్నామే గాని, మనుషులు తిరిగి కూర్చోవచ్చని ఎవరికీ తట్టలేదు.

"ఈశాన్యం ఎప్పుడూ మోసం చెయ్యదు టీచరమ్మా," అన్నాడు ఈరయ్య, తనే కనిపెట్టినట్టు. మాటలు చాలించి గడ్డపార అందుకోమన్నారు మేడమ్.

ఆదివారం రమీజా వచ్చింది. వేదిక మీదికి రమ్మంటున్నా వినకుండా నేరుగా పడమటి అరుగు మీదికి పోయి కూర్చుంది. మొదట కుడిచేతి వైపే చూసింది. మేడమ్ కొంగు పిడికిట్లో బిగించి నిలబడ్డారు. నేనూ ఆ మూలకేసే చూశాను, అబద్ధమెందుకు.

"తెల్లగడి కుడిచేతికే వచ్చింది మేడమ్," అంది రమీజా.

"ఈసారి బండతో వేయించినానమ్మా. ఇంక నువ్వు తిప్పలేవు."

రమీజా పెద్దగా నవ్వింది. నవ్వుతూనే కళ్లు తుడుచుకుని, మేడమ్‌ను ఎదుటి అరుగు మీద కూర్చోమంది. తనే లేచి రాజు ముందు బంటును ఎత్తి రెండు గళ్లు ముందుకు పెట్టింది. బంటు రెండడుగులు వేసేదేందని ఈరయ్య నా చెవిలో గొణిగాడు. మా అబ్బా ఉంటే ఆయనా అదే అడిగేవాడు, పాత ఆటలో బంటుకు ఒక్క అడుగే.

ఆ పని తర్వాత నాకు రెండు అలవాట్లయ్యాయి. ఎవరైనా కుడి పక్కన, ఎడమ పక్కన అని చెబితే, వాళ్లను అక్కడే నిలబెట్టి చెయ్యి చాపమంటాను. నవ్వుతారు, నవ్వనీ. రెండోది, పని తప్పిందని ఎవరన్నా అంటే, గడ్డపార తీయకముందు నాలుగు పక్కలా కూర్చుని చూస్తాను. ఈరయ్య మాత్రం ఏ మూల నుంచి మొదలుపెట్టాలని ఇప్పటికీ అడగడు. ఈశాన్యమేనట.