నీనా ఆంటీ వాళ్ళమ్మ ఉన్న దేశం

ఇవాళ మోవా కూరగాయల బజారులో ఇక్కడి హిందీవాళ్ళు సోయా భాజీ అనే సోయికూర వాసన తగలగానే నీనా ఆంటీ గుర్తొచ్చింది. దేవేంద్ర నగర్ నేస్తాలూ, మా పక్కింట్లో ఉండేది, మీకూ గుర్తుందా? భర్త ఫ్యాక్టరీలో యంత్రాలు బిగించడానికి వచ్చిన మాస్కో ఇంజనీరు. ఆమెది కీవ్. ఆ ఆకు వెయ్యని సూప్ ఆమెకు గొంతు దిగేది కాదు.

సోవియట్ దేశం ముక్కలైందని రేడియోలో చెప్పిన సాయంత్రం ఆమె మా వంటింట్లోకి వచ్చి పీట మీద కూలబడింది.

"దీదీ, మా అమ్మ వేరే దేశంలో ఉండిపోయింది," అంది తన వచ్చీరాని హిందీలో.

అమ్మ ఓదార్చబోయింది. "మా అమ్మా దూరమే కదా, విజయనగరంలో."

"ఆప్ కే పాస్ ట్రైన్ హై, దీదీ."

మీకైతే వెళ్ళడానికి రైలుంది, అని.

కొన్నాళ్ళకు ఫ్యాక్టరీ పని ఆగిపోయింది. మాస్కో వెళ్దామని ఆయన, కీవ్ వెళ్దామని ఆమె. ఇంటి ముందుకు జీపు వచ్చేదాకా వాదించుకుంటూనే ఉన్నారు. చివరికి ఎటు వెళ్ళారో మాకు ఈరోజుకీ తెలీదు.

జీపు మలుపు తిరిగాక అమ్మ లోపలికొచ్చి కళ్ళు తుడుచుకుంది.

"ఏమండీ, పిల్లల బడి పోతే పోనీండి. విజయనగరానికి టికెట్లు తియ్యండి. మా అమ్మని చూడాలి," అంది నాన్నతో.