పాలు పట్టిన ఆల్చిప్ప

మా పక్కింటి మామ్మగారు పోయారని వాళ్ళబ్బాయి ఫోన్ చేసినప్పుడు నేను ల్యాబ్‌లో రక్తం సీసాలకి లేబుళ్ళు అంటిస్తున్నాను. "తెల్లవారుజామున నిద్రలోనే పోయిందమ్మా" అన్నారాయన. "అయ్యో" అన్నాను. ఫోన్ పెట్టేసి మిగిలిన లేబుళ్ళు కూడా అంటించాను. ఒక్కటీ వంకర పోలేదు. మధ్యాహ్నం డబ్బా తెరిచి పప్పన్నం తిన్నాను, డబ్బా కడుక్కున్నాను. సాయంత్రం బస్సులో కూర్చున్నాక కూడా కంట్లో చెమ్మ రాలేదు. ఇంత రాతిగుండెదాన్నా అని నా మీద నాకే కోపం వచ్చింది. ఆ కోపం కూడా రెండు స్టాపులు దాటి నిలవలేదు. ఇప్పటికీ అంతే ఉన్నాను. ఏడుపు రావడం లేదు కాబట్టి రాస్తున్నాను.

విన్నిపెగ్‌లో మా రెండిళ్ళ పెరళ్ళకీ మధ్య నడుమెత్తు చెక్క కంచె ఒకటి ఉంది. ఆవిడది కోనసీమ, మాది నల్గొండ. దేశంలోనే ఉండి ఉంటే ఇద్దరం ఎదురుపడేవాళ్ళమే కాదు. మనవల్ని చూసుకోవడానికని వచ్చి, ఆ మనవలు గడ్డాలు గీసుకునే వయసుకొచ్చినా ఆవిడ ఇక్కడే ఉండిపోయారు. ఎండలొచ్చిన నాలుగు నెలలూ పెరట్లో గోంగూర వేసేవారు. దాని మీదకి నత్తలు పాకేవి. మందు చల్లుతానని కొడుకు అంటే ఒప్పుకునేవారు కాదు. వేళ్ళతో ఏరి కంచె అవతల గడ్డిలో వదిలేవారు. "పుల్లకూర మీద దానికీ మనసు పోయింది పాపం" అనేవారు. కంచె అవతల అంటే మా పెరడు. మర్నాటికి మా పాలకూర జల్లెడ. ఆ సంగతి చెబితే ఆవిడ నవ్వి, "నత్తకి తొందర లేదమ్మాయ్, అయినా తెల్లారేసరికి ఆకు మిగల్చదు" అన్నారు. అయ్యో మీ పాలకూర అని మాత్రం అనలేదు.

ఇండియా నుంచి వచ్చేటప్పుడు చీర మడతల్లో రెండు ఆల్చిప్పలు తెచ్చుకున్నారు మామ్మగారు. ఒకదానికి నడివీపున బెజ్జం ఉంది, గరుకు రాయి మీద అరగదీసి చేసింది. దాన్ని మామిడికాయ మీద పెట్టి లాగితే చెక్కు ఆ బెజ్జంలోంచి సన్నగా ఊడి వస్తుంది. మాగాయ పెట్టే రోజు ఇంట్లో ఎన్ని పీలర్లున్నా ఆవిడ చేతిలో అదే. రెండోది బెజ్జం లేనిది, లోపల నున్నగా ముత్యం మెరుపుతో ఉండేది. అది పసిపిల్లలకి పాలు పట్టే చిప్ప. వాళ్ళబ్బాయి దాంతోనే పాలు తాగారట. కోడలు ఇక్కడే పుట్టి పెరిగిన అమ్మాయి, మంచి మనిషి. అత్తగారు ఏదో అందమైన వస్తువు తెచ్చారని ముచ్చటపడి దాన్ని బాత్‌రూమ్‌లో పెట్టి అందులో సబ్బు ఉంచింది. మామ్మగారు చూసి కూడా దాన్ని అక్కడే ఉండనిచ్చారు. నేను అడిగితే, "మూల పడి ఉండడం కంటే నయమేగా" అన్నారు.

ఏడేళ్ళ కిందట మా పాప నెలలు నిండకుండా పుట్టింది. మా ఆయన ట్రక్కు తీసుకుని వెళ్తే వారాల తరబడి రోడ్డు మీదే. మా అమ్మకి విజిటర్ వీసా రిజెక్ట్ అయింది. పాప రొమ్ము పట్టేది కాదు. సీసా పెడితే నాలుగు చప్పరింపులకే అలిసిపోయి నిద్రలోకి జారేది. ఇంటికొచ్చే నర్సు పాపని తూచి, మళ్ళీ వచ్చేసరికి బరువు పెరగకపోతే ఆసుపత్రిలో చేర్చి ముక్కులోంచి గొట్టం వేయాల్సి ఉంటుందని చెప్పింది. పాపం, ఆవిడ మెత్తగానే చెప్పింది. నాకు గొట్టం అన్న మాట తప్ప ఇంకేమీ వినబడలేదు.

కంచె మీంచి నా మొహం చూసి మామ్మగారు వచ్చారు. అంతా విన్నారు. వెళ్ళి సబ్బు తీసి పక్కన పెట్టి చిప్ప పట్టుకొచ్చారు. మరగబెట్టాం. నీళ్ళు మార్చి మళ్ళీ మరగబెట్టాం. పిండిన పాలు పోసి పెదవికి ఆనిస్తే పాప మొహం ముడుచుకుని ఉమ్మేసింది. మామ్మగారు చిప్ప వాసన చూశారు.

"సబ్బు కంపు. ఏళ్ళ తరబడి పీల్చుకుంది, ఇంక పోదు" అన్నారు.

"ఇప్పుడెట్ల మామ్మగారూ? బిడ్డకు గొట్టమేస్తరంట" అని బావురుమన్నాను. అప్పుడు నాకు ఏడుపు బాగానే వచ్చేది.

"ఊరుకో అమ్మాయ్. ఊరి మధ్యలోంచి అంత ఏరు పోతోంది, ఒక్క చిప్ప దొరకదూ?"

ఆకులు రాలే రోజులు. రెడ్ రివర్‌లో నీళ్ళు తగ్గి ఒడ్డు వెంట బురద బయటపడింది. వాళ్ళబ్బాయి కారులో దింపి పార్కింగ్ వెతుక్కోవడానికి వెళ్ళారు. పాపని గుండెకి కట్టుకుని నేను గట్టు మీద నిలబడ్డాను. మామ్మగారు మనవడి రబ్బరు బూట్లు తొడుక్కుని, కుచ్చిళ్ళు ఎత్తి దోపుకుని బురదలోకి దిగారు. కాసేపటికి అరచేయంత ఆల్చిప్ప ఒకటి దొరికింది. కాని అది మూసుకుని ఉంది. వీపు నిండా చారల చారల బుల్లి చిప్పలు గుత్తులుగా అంటుకున్నాయి. అవి ఈ నేలవి కావు. పడవలకి అంటుకుని ఎక్కడినుంచో వచ్చి ఇక్కడి నీళ్ళన్నీ ఆక్రమించాయి, పెద్దవాటికి తిండి అందనివ్వవు. మామ్మగారు వాటిని ఒక్కొక్కటే గోటితో గిల్లి తీసేశారు.

"మంచిగుంది కదా, అదే తెండి" అన్నాను చలికి వణుకుతూ.

"ప్రాణం ఉంది దీనికి. నీ పిల్ల నోటికోసం దీని నోరు పీకమంటావా?" అని దాన్ని మళ్ళీ నీళ్ళలో పెట్టేశారు.

చాలాసేపు వెతికాక, ఎప్పుడో ఖాళీ అయిపోయిన చిప్ప ఒకటి దొరికింది. ఇంటికొచ్చి వెనక గుమ్మం సిమెంటు మెట్టు మీద దాని అంచులు నున్నగా అరగదీశారు. రుద్ది కడిగి మరగబెట్టి, తను వాసన చూసి, నా చేత చూపించారు. కాళ్ళు చాపుకుని పాపని కాళ్ళ మీద వేసుకున్నారు. ఒక చుక్క. గుటక పడేదాకా చిప్ప కదలలేదు. ఇంకో చుక్క. మళ్ళీ ఆగడం. నాకు కాలు నిలవక "జర తొందరగ పట్టండి" అన్నాను. "మింగనీ. పోసేదాని తొందర తాగేదానికుండదు" అన్నారు ఆవిడ, తల ఎత్తకుండానే.

నర్సు వచ్చి ఆ చిప్పని తిప్పి తిప్పి చూసింది. ఫిలిప్పీన్స్ మనిషి. ఆసుపత్రిలో తాము కూడా చిన్న కప్పుతో ఇలాగే పాలు పడతామని, అయితే పడుకోబెట్టి పడితే పాలు ఊపిరితిత్తుల్లోకి పోతాయని, నిటారుగా పట్టుకోవాలని చేసి చూపించింది. చిప్ప వద్దని ప్లాస్టిక్ కప్పు ఒకటి ఇచ్చింది. ఇదంతా తెలుగులో చెబుతూ, పెద్దావిడకి ఎక్కడ కోపమొస్తుందోనని నేను హడలిపోయాను. మామ్మగారు అప్పటికే పాపని లేపి కూర్చోబెట్టుకున్నారు. "ఇది నాకు తెలీదు. ఆవిడ చెప్పిందే బాగుంది" అన్నారు. ఆ రోజు నుంచి కప్పే. కష్టపడి వెతికి తెచ్చుకున్న చిప్ప కిటికీలోకి వెళ్ళింది. ఆవిడ పొద్దున్నే వచ్చేవారు, గోడకి ఆనుకుని కూర్చునేవారు, చుక్క చుక్కా పట్టేవారు. పాప బరువు పెరిగింది. గొట్టం అవసరం పడలేదు. కప్పు గొప్పదా చిప్ప గొప్పదా అని వాదించుకునేవాళ్ళు వాదించుకోనీ. ఆవిడ కూర్చున్నారు, నా బిడ్డ బతికింది. నాకు తెలిసింది అంతే.

పాప ఇప్పుడు రెండో తరగతి. మింగడం ఇప్పటికీ నెమ్మదే. మేం డ్యూటీలకి వెళ్తే ఆవిడ దగ్గరే అన్నం తినేది. ముద్ద పెట్టి "మింగావా?" అని ఆవిడ తెలుగులో అడిగితే, ఇది నోరు తెరిచి చూపించి "డన్ మామ్మా" అనేది. అప్పుడే రెండో ముద్ద. ఆవిడకి ఇంగ్లీషు రాదు, దీని నోట తెలుగు పలకదు. ఆ సంగతి ఇద్దరూ పట్టించుకున్నట్టు కనబడలేదు. మామ్మగారంటే నాకు ప్రాణం. ఇది రాస్తున్నప్పుడు కూడా నా కళ్ళు పొడిగానే ఉన్నాయి.

ఫ్యూనరల్ హోమ్‌లో ఆవిడకి జరీ అంచు చీర కట్టి పడుకోబెట్టారు. తెలుగువాళ్ళందరూ బరువైన కోట్లు విప్పి కుర్చీల మీద వేసి, వరుసలో నిలబడ్డారు. ఎవరో ఇండియా నుంచి తెచ్చి దాచుకున్న గంగచెంబు మూత ఊడదీశారు. ముందు కొడుకు ఉద్ధరిణితో ఆవిడ నోట్లో గంగనీళ్ళు పోశారు. తరవాత కోడలు, మనవలు. నీళ్ళు పెదవి చివర నుంచి జారి దిండు మీద పడుతుంటే కోడలు టిష్యూతో అద్దుతోంది. నా వంతు వచ్చింది. పోశాను. నా వెనకున్న అంకుల్ ఉద్ధరిణి అందుకుని ముంచి, ఆవిడ మీదకి వంగారు.

నా పక్కనున్న పాప చటుక్కున ఆయన మణికట్టు పట్టుకుంది.

"వెయిట్ అంకుల్" అంది. "మామ్మ డిడింట్ స్వాలో యెట్."

ఆయన చెయ్యి ఆగిపోయింది. వెనక వరుసంతా ఆగిపోయింది. పాప గుటక కోసం మామ్మగారి గొంతు వంకే చూస్తూ నిలబడింది. దాన్ని పక్కకి తీయడానికి ఎవరికీ చెయ్యి రాలేదు. మేమందరం కూడా ఆ గొంతు వంకే చూస్తూ నిలబడ్డాం.