షబానా మిషన్ చప్పుడు

దయ్యాల వార్త పట్టుకొచ్చిన విలేకరిని "కళ్లారా చూసినోణ్ణి తీసుకురా, అప్పుడు రాద్దాం" అని వెనక్కి పంపేవాణ్ణి. ఖమ్మంలో అన్నేళ్లు పత్రికలో పనిచేసినా అలాంటి వార్త ఒక్కటీ నమ్మలేదు. ఇప్పుడూ నమ్మను. విన్నది విన్నట్టు రాస్తున్నాను.

రెండు వేల దశకం మధ్యలో భద్రాచలంలో పద్మ అనే కౌన్సెలర్ ఉండేది. మాటలు ఆగిపోయిన కుటుంబాన్ని ఇంట్లోనే వీడియో తీసి, దాన్ని వాళ్లకే చూపించి మాట్లాడించేది. ఆ పద్ధతి గురించి రాద్దామని ఆమె వెంట దర్జీ యాకూబ్ ఇంటికి వెళ్లాను.

ఆయన కూతురు షబానా మలేరియాతో పోయి ఏడాదైంది. పద్దెనిమిదేళ్ల పిల్ల. ఆమె పోయిన రోజే యాకూబ్ ఆమె కుట్టుమిషన్ బెల్టు తీసి పారేశాడు. అప్పట్నుంచి భార్య మెహరున్నీసాతో మాట లేదు. ఆమె ఇక సత్తుపల్లిలోని పుట్టింటికి పోతానంటోంది.

"ఇంట్ల మాట్లాడనోడు టీవీల మాట్లాడుతడా మేడం?" అంది మెహరున్నీసా.

"మాట్లాడేదాకా నేను కదల్ను. చాయ్ పెడ్తనే ఉండు" అంది పద్మ.

మధ్యాహ్నం వాళ్లిద్దరూ అన్నం తింటుంటే తీశాం. కెమెరా పట్టుకున్నది నేనే. పళ్లేల చప్పుడు తప్ప ఏమీ వినలేదు.

మర్నాడు పొద్దున పద్మ ఆఫీసులో నలుగురం కూర్చుని చూశాం. దంపతులిద్దరూ తల దించుకున్నారు. పద్మ క్యాసెట్ వెనక్కి తిప్పి మళ్లీ పెట్టింది. మూడోసారి పెట్టింది.

ఈసారి అన్నం తింటున్న బొమ్మ వెనక కుట్టుమిషన్ చప్పుడు వినిపించింది. నాలుగు కుట్లు, ఆగడం, మళ్లీ నాలుగు. తెరమీద గోడవారగా ఉన్న మిషన్ చక్రం కదలడం లేదు.

మిషన్ మీద ఎవరున్నారో తొక్కే తీరును బట్టి దర్జీ చూడకుండానే చెప్పగలడు. యాకూబ్ తలెత్తాడు.

"షబానా కాలు. మూల తిప్పెటప్పుడు ఆగుతది. ఎన్నిసార్లు తిట్టినా గంతే."

"తిట్టి తిట్టి జ్వరంల గూడ కుట్టిచ్చినవ్" అంది మెహరున్నీసా.

"అవ్. రంజాన్ బట్టలు ఆగుతయని కుట్టిచ్చిన. గందుకే నీ మొఖం చూడలేకపోయిన."

"గీ మాట ఏడాది కింద చెప్పొద్దా?"

ఆమె ఏడ్చింది. ఆయనా ఏడ్చాడు. పద్మ టీవీ కట్టేసింది. మధ్యాహ్నం దాకా వాళ్లు మాట్లాడుకుంటూనే ఉన్నారు.

వాళ్లు వెళ్లాక పద్మ ఆఫీసు ఉన్న వీధంతా తిరిగాను. దగ్గరలో కుట్టుమిషన్ ఉన్న ఇల్లు లేదు. క్యాసెట్ మొదటినుంచి చివరిదాకా మళ్లీ విన్నాం. ఆ చప్పుడు లేదు. వార్తలో దాని ఊసెత్తలేదు.

మెహరున్నీసా పుట్టింటికి వెళ్లలేదు. ఆ పొద్దున నలుగురం విన్నది ఏమిటో నాకు ఇప్పటికీ తెలియదు.