గ్యారేజీకి పడకగది నేల

మా అన్నయ్య ముప్పై ఏళ్లుగా కార్ల కింద పడుకునే బతుకుతున్నాడు. అద్దె షెడ్డు ఖాళీ చేయమన్నారు. సరే, ఇంటి గ్యారేజీలోనే పని పెట్టుకుంటానన్నాడు. సిమెంటు నేల ఊరికే దుమ్ము రేగుతోందని, వినైల్ షీటు వేయిద్దామని పట్టుబట్టాడు.

ఇంకొకరైతే రంగు చూసి కొనేస్తారు. మావాడితో అయ్యే పనా! షాపు నుంచి నాలుగు రకాల ముక్కలు తెచ్చాడు. కారు బాగా తిప్పి, వేడివేడి టైర్లు నాలుగూ వాటి మీదకెక్కించి, వారం రోజులు కదిలిస్తే ఒట్టు. "టైరు రబ్బరు వినైల్‌కి మరక పెడుతుందే పిచ్చిదానా, గీకినా పోదు," అని నాకు పాఠాలు. వదిన ఆ వారమంతా కాలినడకనే తిరిగింది. పల్లెత్తు మాట అనలేదు. ఎంత ఓర్పో అనుకున్నాను, నా తెలివి తెల్లారినట్టే ఉంది!

చివరికి మందపాటి బూడిదరంగుది నెగ్గింది. మరక పడలేదు, జాకీ పెట్టినా చొట్ట పడలేదు. షీటు వేసే రోజు అన్నయ్య షెడ్డులో సామాను సర్దుకుంటున్నాడు. సాయంత్రం వచ్చి చూసి, అదే రంగు కదా అని మురిసిపోయాడు.

మూడో రోజు మొదటి కారొచ్చింది. జాకీ ఎత్తగానే షీటు పర్రున చిరిగింది. అంచు లేపి చూస్తే అట్టముక్కంత పలచన!

అన్నయ్య అగ్గిమీద గుగ్గిలమైపోయాడు. ఇద్దరం షాపుకి పరిగెత్తాం. షాపాయన నీళ్లు నమిలాడు. "నన్నేం చేయమంటావన్నా? వదినగారే వచ్చి మార్పించారు. త్వరలో ఆ గ్యారేజీ పడకగది అవుతుందట, దానికి తగ్గదే వేయమన్నారు."

ఇంట్లో వదిన దుప్పట్లు మడతపెడుతోంది. "కింద కూర్చుంటే మోకాళ్లు పట్టేసి లేవలేకపోతున్నారు. మానేయమంటే వింటారా?" అంది.

నాకు ఒళ్లు మండిపోయింది. "అయితే మాత్రం? మనిషిని ఇంత వెర్రివాణ్ణి చేస్తావా వదినా!"

అన్నయ్య, పని ఒకరోజు ఆలస్యమవుతుందని కారు ఓనరుకి ఫోన్ చేశాడు. స్పీకర్లో ఆయన గొంతు మా అందరికీ వినపడింది. "ఫర్వాలేదండీ, తీరిగ్గా చేయండి. ఇదే మీ ఆఖరి కారటగా, అమ్మగారు చెప్పారు."

అన్నయ్య ఫోన్ పెట్టేసి వదిన వైపు తిరిగాడు.

"ఎంతమందికి చెప్పావు?"

"అందరికీ చెప్పాను," అంది వదిన. "మీకే చెప్పలేకపోయాను."