సారు వదలమన్న తొవ్వ

మాఘ బహుళ తదియ, మంగళవారం. పొద్దున మంచు, తర్వాత పొడి ఎండ. కొట్టు ఊడ్చి, కందుల బస్తాలు గోడకు జరిపి, కాంటా తుడిచాను.

రోజు చిట్టాలో అంతవరకు రాసేసరికి ఎదురు దుకాణం దర్జీ వచ్చి గడప దగ్గర నిలబడ్డాడు.

"డ్రాయింగ్ సారు పోయిండు" అన్నాడు. "చాయ్ తాగి గోడకు ఒరిగిండట. మల్ల లేవలె."

సారుతో ఆ దర్జీ మాట్లాడక ఏళ్లయింది. కబురు మాత్రం ఆయనే తెచ్చాడు.

సారు శిష్యులు బడి సంచికకు నన్నూ ఏమైనా రాయమన్నారు. నేను ఆయన దగ్గర బొమ్మలు నేర్చుకున్నవాణ్ణి కాను. సూర్యాపేట పాత బజారులో ధాన్యం కొట్టు గుమాస్తాను. బస్తాల మీది పేర్లు చూసి అక్షరాలు నేర్చుకున్నాను. నాకు తెలిసిన రాత చిట్టా రాతే, కాబట్టి ఆ రోజు పేజీనే పెంచి రాస్తున్నాను. ఊరిని ఎట్లా చూడాలో నాకు చెప్పింది మాత్రం ఆయనే.

అప్పట్లో సారు మా కొట్టు వెనక గదుల్లో కిరాయికి ఉండేవారు. బడికి సెలవున్న రోజు, మధ్యాహ్నం బేరం తగ్గాక, కొట్టు నేల మీద సుద్దముక్కతో ఊరు గీసేవారు. హైదరాబాదు నుంచి బెజవాడ పోయే రోడ్డు, మా బజారు, రోడ్డుకు అవతల వాగు, వాగు ఒడ్డున శ్మశానం. పెసలు ఇళ్లు, కందులు దుకాణాలు, జొన్నలు మనుషులు. బస్సు ఆగే చోట ఒక చింతగింజ. దర్జీ చింతగింజను జరపాలి, కొట్టు యజమాని మా సేటు కందులను, నేను జొన్నలను. ఎవరికి ఎక్కడ సులువో, ఎక్కడ గిరాకీయో అక్కడికే జరపాలి. అబద్ధమాడకూడదు. నియమం అంతే.

"నువ్వు మునగాల నుంచొచ్చిన ఆడమనిషివి" అనేవారు నాతో. "సంకల పిల్ల ఉన్నది. ఉప్పు కొనాలె. దిగినకాడ కొంటవా, బజారు దాక నడుస్తవా?"

"దిగినకాడనే సారూ."

"అయితే జరుపు."

జొన్నల వెంట సేటు కందులు జరిగేవి. కందులు పోగై దారి ఇరుకైతే దర్జీ, "ఇగ గీడ బస్సు మర్లది" అంటూ చింతగింజను ఇంకాస్త అవతలికి నెట్టేవాడు. మళ్లీ జొన్నలు కదిలేవి. ఎట్లా మొదలుపెట్టినా చివరికి గింజలన్నీ రోడ్డు అంచుకు చేరేవి. బజారులో సుద్దగీతలే మిగిలేవి.

"నా కందులతోటి ఊరు కడ్తున్నవ్ సారూ. కిరాయి ఎవలియ్యాలె?" అని సేటు నవ్వేవాడు.

"ఊరు నిలబడ్డంక అడుగు సేటూ."

ఆట ముగిశాక గింజలన్నీ సారే ఏరేవారు. ఏ రకం ఆ బస్తాలోకి. కందుల్లో ఒక పెసరగింజ కనిపించినా వంగి తీసేవారు.

సాగర్ కాలువ నీళ్లు కొత్తగా వచ్చినప్పుడు నన్ను మిర్యాలగూడ తీసుకుపోయారు. రోడ్డు వెంట మిల్లులు లేస్తున్నాయి. మిల్లు పక్కన లారీలు, లారీల పక్కన చాయ్ హోటలు, దాని పక్కన పంక్చర్ల దుకాణం. త్రిపురారం వైపు నుంచి వడ్లు తెచ్చిన బండ్లు ముందుకు పోలేక నిలబడ్డాయి.

"నీళ్లొచ్చింది పొలానికి. మిల్లు మొలిచింది రోడ్డు మీద" అన్నారు సారు. "రోడ్డేస్తే జాగ మారుతది. జాగ మారితే రోడ్డు ఇరుకైతది. ఇగ పెద్ద రోడ్డు కావాలంటరు. ముందుగాల ఏది కదిలిందో సూడు, దాని ఎనక ఏది కదిలిందో సూడు."

ఇప్పటికీ ఏ ఊరు పోయినా అట్లాగే చూస్తాను.

మా బజారులో బస్సులు తిరగలేని రోజులొచ్చాయి. ఊరి పెద్దలు కూర్చుని, ఊరి బొమ్మ గీసేది ఆయనే కదా అని సారును పిలిచారు. బస్టాండును ఊరి బయటికి, రోడ్డు మీదికి మార్చవచ్చన్నారాయన. కానీ బజారు నుంచి రోడ్డుకు, రోడ్డు దాటి వాగుకు నేరుగా పోయే పాత తొవ్వను వెడల్పుగా వదలాలన్నారు. ఆ తొవ్వ ఉంటే బస్సు దిగినవాళ్లకు బజారు కళ్ల ముందే ఉంటుంది, నడిచొస్తారు. మా కొట్టు నేల మీద ఎన్నోసార్లు ఆడి చూశాం. ఆ తొవ్వ మీద ఎవరూ గింజ పెట్టకూడదన్న నియమంతో ఆడినప్పుడే బజారు బతికింది. మా సేటు ఆ నియమాన్ని ఒక్కసారీ తప్పలేదు.

"బతికినోళ్ల తొవ్వ, సచ్చినోళ్ల తొవ్వ ఒక్కటే" అన్నారు సారు పెద్దలతో. శ్మశానానికి పోయేదీ ఆ దారినే. పాడెను కిందికి దించి, చెవిలో మూడుసార్లు పిలిచి చూసే దింపుడు కల్లం కూడా ఆ తొవ్వ మీదే.

అందరూ తల ఊపారు. బస్టాండు కట్టారు. తొవ్వ సంగతి ఎవరూ కాగితం మీద పెట్టలేదు. కొన్నాళ్లకే తొవ్వకు అడ్డంగా గోదాం పునాది లేచింది. అది మా సేటుదే.

సారు కొట్టుకు వచ్చారు. ముందురోజు ఆట సగంలో ఆగింది, గింజలు నేల మీదే ఉన్నాయి.

"ఆ జాగల గింజ పెట్టనన్నది నువ్వే గద సేటూ."

"ఆటల పెట్టలె సారూ. ఆటల పెడితే నాకేమొస్తది?" సేటు నవ్వాడు. "నీ బొమ్మ సూసే ఆ జాగ కొన్న. ఊరంత రోడ్డుకే వస్తదని సెప్పింది నువ్వే. నీ మాట నమ్మినోణ్ణి నేనొక్కణ్ణే."

సారు గింజలు ఏరకుండానే లేచిపోయారు. నేను ఏరాను. ఆ తర్వాత ఆయన మా నేల మీద సుద్దముక్క పెట్టలేదు. గదులు ఖాళీ చేసి బజారు అవతలి కొసకు మారారు.

బస్సు దిగినవాళ్లకు గోదాం గోడ కనిపించింది. బజారు మెల్లగా ఎండిపోయింది. దర్జీ దగ్గరికి గుడ్డ తెచ్చేవాళ్లు తగ్గారు. కానీ సేటును ఎవరూ ఒక్క మాట అనలేదు. సేటుతో అందరికీ పని ఉంటుంది. "సారు సెప్తెనే గద బస్టాండు పోయింది" అన్నారు. దర్జీ కూడా అదే అని ముఖం తిప్పుకున్నాడు. సారు ఎవరికీ ఎదురు చెప్పలేదు. ఒక్కసారి నాతో మాత్రం, "సగం ఇన్నరు. మొత్తమే ఇనకుంటే బాగుండు" అన్నారు.

ఇది సేటు చదువుతాడు. చదవనీ. నేనింకా ఆయన కొట్టులోనే ఉన్నాను.

మధ్యాహ్నం పాడె లేచింది. అడగకుండానే దర్జీ వచ్చి భుజం పెట్టాడు. అలవాటు కొద్దీ పాత తొవ్వలోనే నడిచాం. గోదాం గోడ దగ్గర ఆగిపోయాం.

"దూరమేముంది, రోడ్డు మీదికెల్లి మర్లి పోదాం" అన్నాడు వెనక నుంచి సేటు.

"దూరం మోసెటోణ్ణి అడుగు సేటూ" అన్నాడు దర్జీ, తల తిప్పకుండానే.

చుట్టు తిరిగి బస్టాండు ముందుకు వచ్చాం. బియ్యం లారీలు, కోదాడ బస్సు, తోపుడు బండ్లు. దాటడానికి సందు లేదు. దింపుడు కల్లం గోదాం కింద పోయింది కదా, ఎక్కడ దించాలో ఎవరికీ తోచలేదు. చివరికి రోడ్డు పక్కనే, పంక్చర్ల దుకాణం ముందు దించారు. కొడుకు వంగి చెవిలో పిలిచాడు.

"బాపూ!"

లారీ హారను కొట్టింది. క్లీనరు తలుపు మీద చరిచి, "జరుగుండ్రి, జర జరుగుండ్రి" అని అరిచాడు. మిగతా రెండు పిలుపులు పక్కనున్న నాకే వినపడలేదు.

పాడె మళ్లీ లేపి, సందు దొరికేదాకా భుజాల మీద అట్లాగే ఉంచి నిలబడ్డాం. ముందు నడిచేవాళ్లు చల్లిన పేలాలు రోడ్డు నడుమ తెల్లగా పడి ఉన్నాయి. ఒక్కో లారీ పోతుంటే ఆ గాలికి లేచి, జరిగి జరిగి, అన్నీ రోడ్డు అంచుకు చేరాయి. దర్జీ వాటినే చూస్తున్నాడు. నేనూ చూశాను.

ఇంటికి పోయి తలకు పోసుకుని వచ్చి కొట్టు తెరిచాను. మునగాల రైతు కందులు తెచ్చి కూర్చున్నాడు. కాంటా మీద బస్తా పెట్టించి, తూకం చిట్టాలో రాశాను.