పడుగు పట్టిన చేతులు

ఎమ్మిగనూరులోని మా నేతపేటలో మహాదేవమ్మకు గుంత మగ్గం తప్ప తోడు లేదు. భర్త సిద్ధప్ప పోయాక ఆ గుంతలో ఆమే కూర్చుని దుప్పట్లు నేస్తోంది. పిల్లలు లేరు. ఇంటి పక్కన జయన్నది ఖాళీ స్థలం ఉండేది. స్థలం ఆయనదే అయినా, పొడుగ్గా ఉండటం వల్ల వీధిలోని మగ్గాలన్నిటికీ పడుగు సాచేది అక్కడే.

పడుగు ఒక్కరితో అయ్యే పని కాదు. నిలువు దారాలను బారుగా సాచి, గంజి పట్టించి, కుంచెలతో దువ్వాలి. ముందురోజు ఇంటింటికీ వెళ్లి 'రేపు పడుగు' అని చెబితే చాలు, ఇంటికొకరు వస్తారు. కూలి లేదు, టీ తాగి పోతారు. ఒక్కటే కట్టుబాటు: పట్టినవాడు అది ఆరేదాకా చెయ్యి వదలకూడదు. వదిలితే దారాలు అంటుకుపోతాయి.

ఆ స్థలాన్ని జయన్న సెల్ టవర్‌కు బాడుగకిచ్చాడు. జేసీబీ వచ్చిన పొద్దున ఆడవాళ్లంతా దాని ముందు కూర్చున్నారు. అన్ని అనుమతులూ ఉన్నాయని కంపెనీ మనిషి కాగితాలు చూపించాడు. ఇక కోర్టే దిక్కని వీధంతా సంతకాలు చేసి, మహాదేవమ్మను ముందుపెట్టి ఆదోనిలో ఒక వకీలు దగ్గరికి వెళ్లారు.

"దారం ఆరేసుకునే జాగా కావాలంటే కోర్టు వినదమ్మా. జాగా ఆయప్పది. టవర్ రేడియేషన్‌కు రోగాలొస్తాయని రాద్దాం," అన్నాడు వకీలు.

"నాకేం రోగం లేదే సామీ."

"వస్తాదని రాస్తాం లేమ్మా."

"రాకుంటే?"

వెంట వచ్చినవాళ్లు నవ్వారు. అలాగే రాశారు. స్టే వచ్చింది. ఆ రోజు ఆమె వీధికంతా బొరుగులతో ఉగ్గాని చేసి పెట్టింది.

స్టే అంటే గెలుపనుకున్నారు. వాయిదాలు మొదలయ్యాక అది కాదని తెలిసింది. మొదటి వాయిదాకు ఆటో నిండా మనుషులు. తర్వాత బస్సులో ఇద్దరు ముగ్గురు. ఆపైన ఆమె ఒక్కతే. ఈలోగా మర మీద గంజి పట్టించిన పడుగులు బజారులోకి వచ్చాయి, చాలా ఇళ్లు వాటికి మారాయి. జయన్నతో పెళ్లిళ్లలో, చావుల్లో ఎదురుపడాలాయె. ఒక్కొక్కరే పోయి కేసులోంచి పేరు తీయించుకున్నారు. ఎవరూ ఆమెకు చెప్పలేదు. వకీలు గుమాస్తా చెప్పాడు.

ఆమె నమ్మలేదు. సంతకం కూడా పడుగు పట్టడంలాంటిదే అనుకుంది. మా పేటలో తప్ప ఇంకెక్కడా ఎవరూ చేయని పొరపాటు అది. పడుగు దగ్గర మాకుండే నీతి కాగితం దగ్గర ఉండదు.

ఎదురింటి ఈరేష్‌ను అడిగింది. "నువ్వు గూడ పేరు తీపిచ్చినావంట?"

"అవునత్తా. ఫోన్లో ఫొటోలు పెట్టి దుప్పట్లు అమ్ముతాండా. సిగ్నల్ కోసం మిద్దెక్కి నిలబడాల్సొస్తాంది."

"సంతకం పెట్టేనాడు మిద్దె లేదా?"

"నీ నోటికి ఆ వకీలు సరిపోడత్తా," అని నవ్వబోయాడు. ఆమె నవ్వలేదు.

రోగాలకు రుజువు లేదని కోర్టు కేసు కొట్టేసింది. పడుగు మాట ఆ కాగితాల్లో ఎక్కడా లేదు. ఆదోని బస్టాండులో ఎమ్మిగనూరు బస్సులు వచ్చి పోతున్నా ఆమె బెంచీ మీదే కూర్చుంది. ఇంటికి పోతే ఏమైందని అడిగేవాళ్లు ఉండరు. ఈపాటికి అందరికీ తెలిసే ఉంటుంది.

టవర్ లేచింది. వీధిలో ఆమెతో ఎవరూ పోట్లాడలేదు. పోట్లాడితే మాటైనా ఉండేది. కొళాయి దగ్గరికి ఆమె రాగానే మాటలు ఆగేవి, బిందె ఎత్తుకొని పోగానే మొదలయ్యేవి.

కొన్నాళ్లకు ఈరేష్ ఆమె గడప దగ్గరికి వచ్చాడు.

"అత్తా, నూలు తెచ్చుకున్నావంట. ఊరి బయట బయల్లో పడుగు సాద్దాం. ఎప్పుడో సెప్పు, మనుషుల్ని నేను పిలుస్తా."

ఆమె గుంతలోంచి తలెత్తింది. "ఎంతసేపు పట్టుకుంటారప్పా?"

ఈరేష్ గడప దిగి చెప్పులు తొడుక్కున్నాడు.

ఆ వారమే ఆమె నూలు షావుకారికి తిరిగిచ్చేసి, మర పడుగు తెచ్చుకుంది. దాన్ని మగ్గానికి ఎక్కించడానికి మనుషులు అక్కర్లేదు. తలుపు దగ్గరగా వేసుకొని, కొత్త దారాలను మగ్గంలో మిగిలిన పాత పడుగు కొసలకు ఒక్కొక్కటే అతుకుతూ కూర్చుంది.